మూడు మీటర్ల ఐదు సెంటీమీటర్లు

ఆ శుక్రవారం ఉదయం నర్సుల హాస్టల్ మేడ మీద ఉన్నవాళ్లం ముగ్గురం: నేను, వార్డెనమ్మ, గేటు వాచ్‌మన్. వస్తువులు: రెండు నీళ్ల ట్యాంకులు, మనిషెత్తు పిట్టగోడ, సిమెంటు పోసి నింపిన ఇనుప డ్రమ్ము, అందులో నిలబెట్టిన పైపు, దాని కొసన క్లాంపుతో బిగించిన రింగు, ఒక స్పిరిట్ లెవెల్, ఒక టేపు. రింగు వ్యాసం ముప్పై ఎనిమిది సెంటీమీటర్లు. పైపు మొదలు నుంచి ఎత్తు మూడు మీటర్ల ఐదు సెంటీమీటర్లు. రెండుసార్లు కొలిచాను.

వాచ్‌మన్ హైదరాబాదాయన. తల ఎత్తి రింగు చుట్టూ చూశాడు.

"ఏం బాబూ, ఎన్క పలక ఏది? యాడ మర్శినవ్?"

"దీనికి పలక ఉండదు భాయ్. ఇది బాస్కెట్‌బాల్ కాదు, నెట్‌బాల్."

"పలక లేకుంటే బంతి పక్క బిల్డింగుల పడ్తది. తేనీకి నేనే ఉర్కాలె."

రెండు వేల సంవత్సరం దాటిన తొలి ఏళ్లవి. సౌదీ అరేబియాలో, అల్ ఖోబర్‌లోని ఒక ఆసుపత్రిలో నేను యంత్రాలు బాగుచేసే టెక్నీషియన్ని. మా అక్క అదే ఆసుపత్రిలో నర్సు, ఉండేది ఈ హాస్టల్లోనే. రింగు కావాలని అడిగింది ఫిజియోథెరపీ విభాగంలో పనిచేసే వేల్స్ దేశస్థురాలు. ఆవిడ తన దేశం తరఫున ముప్పై ఒక్క మ్యాచ్‌లు ఆడారు. నెట్‌బాల్‌లో జట్టుకు ఏడుగురు, బంతిని రింగులో వెయ్యగలిగేది ఇద్దరే. ఆవిడ ఆ ఇద్దరిలో ఒకరు. మోకాలిలో లిగమెంటు తెగి, ఆపరేషనయ్యి, రెండేళ్లు ఆట మానేసి ఇక్కడికి ఉద్యోగానికి వచ్చారు. ఇప్పుడు, సెలవులో వచ్చి సెలెక్షన్‌కు ఆడి చూపించమని అక్కడి నుంచి కబురొచ్చింది. సెలవుకు ఏడు వారాలుంది. ఈలోగా వందకు తొంభై వెయ్యగలిగితే వెళ్తానని, లేకపోతే రానని రాసేస్తానని ఆవిడ తనకు తానే షరతు పెట్టుకున్నారు. ఆసుపత్రిలో ఆవిడ పనిచేసే గదిలో అల్ట్రాసౌండ్ యంత్రం విప్పి బాగుచేస్తుంటే నాకీ సంగతి చెప్పారు, యంత్రం కొలతలు చెప్పినట్టు.

ఆవిడ ఆట నేను ఒక్కసారీ చూడలేదు. మగవాడు మేడ ఎక్కాలంటే ఇకామా, అంటే నివాస అనుమతి పుస్తకం, గేటులో ఇచ్చెయ్యాలి, వార్డెనమ్మ గంట కొట్టి ఆడవాళ్లందరినీ గదుల్లోకి పంపాలి, జుమ్మా నమాజుకు ముందే దిగిపోవాలి. కాబట్టి నాకు తెలిసిందంతా అక్క ద్వారానే. రింగు కింద నిలబడి బంతి తిరిగి అందించేది అక్కే. అప్పట్లో వారాంతం గురు, శుక్రవారాలు. గురువారం సాయంత్రం విజిటర్ల గదిలో లెక్క చెప్పేది. మొదటి వారం డెబ్బై ఒకటి. తర్వాత డెబ్బై నాలుగు, డెబ్బై మూడు.

మూడో వారం లెక్క చెప్పి అక్క లేవకుండా కూర్చుంది.

"తన చేతిలో గురి పోయిందంటోందిరా ఆవిడ. వచ్చే గురువారం కూడా ఇంతే అయితే, ఆ శనివారం డ్యూటీకి రాగానే మెయిల్ పెట్టేస్తుందంట, రానని."

"ఎన్ని పడ్డాయో వద్దక్కా. పడనివి ఎక్కణ్ణించి వేసినవి, రింగుకి ఏ వైపు తగిలాయి, అది రాయి."

"వార్డులో రాసే చార్టులు చాలవా నాకు? మేడ మీద కూడానా?"

అయినా రాసింది. మరుసటి గురువారం, ఒక చార్టు కాగితం వెనక వంద చుక్కలు పెట్టి తెచ్చింది. మధ్యలోంచి వేసినవి దాదాపు అన్నీ పడ్డాయి. మెట్ల వైపు నుంచి తప్పినవన్నీ రింగు అవతలి అంచుకు తగిలాయి. ట్యాంకుల వైపు నుంచి తప్పినవన్నీ ఇవతలి అంచుకు. చెయ్యి చెడితే తప్పులు ఎటుపడితే అటు పోవాలి. ఇవి అలా లేవు.

"అక్కా, మేడ కడిగితే నీళ్లు ఎటు పోతాయి?"

"ట్యాంకుల వైపు. గొట్టం అక్కడేగా ఉంది." ఆ మాట అని నా మొహంలోకి చూసింది. "ఒరేయ్! మేడకి వాటం ఉంటదని మేస్త్రి కొడుక్కి ఎవరు చెప్పాలిరా? నాన్నకి తెలిస్తే తాపీ పెట్టి కొడతాడు."

మా నాన్న తాపీమేస్త్రి. చిన్నప్పుడు ఆయన మట్టం చూసే నీటి గొట్టానికి ఒక కొస అక్క, ఒక కొస నేను పట్టుకునేవాళ్లం. అలాంటివాణ్ణి, పైపు నిటారుగా ఉందో లేదో రెండుసార్లు చూసి, నేలను మాత్రం చూడకుండా నమ్మేశాను.

మర్నాడు పన్నెండు మీటర్ల పారదర్శక గొట్టంలో నీళ్లు నింపి మేడ ఎక్కాను. పైపు మొదలుతో పోలిస్తే మెట్ల వైపు నేల ఐదు సెంటీమీటర్లు ఎత్తు, ట్యాంకుల వైపు ఐదు పల్లం. ఒక వైపు నిలబడితే రింగు తక్కువ ఎత్తులో, ఇంకో వైపు నిలబడితే ఎక్కువ ఎత్తులో ఉన్నట్టు.

శనివారం ఉదయం ఆవిడ కంప్యూటర్ తెరవకముందే గది ముందు నిలబడ్డాను. తప్పు నాది, నేల వాలుగా ఉంది, సరిచేస్తాను: ఇంగ్లీషులో కూడబెట్టుకున్న మూడు వాక్యాలూ చెప్పాను. ఆవిడ ఒక్కటే అడిగారు.

"అయితే నా చెయ్యి బాగానే ఉందా?"

అక్క గీసిన కాగితం బల్ల మీద పరిచాను. చుక్కలన్నీ వేలితో తడుముతూ చూశారు.

"ఇంకా మూడు వారాలుంది," అన్నారు. కంప్యూటర్ తెరవలేదు.

మెట్ల వైపు నేలను దించలేను. కాబట్టి రింగును ఐదు సెంటీమీటర్లు పైకి జరిపి, మిగతా చోట్ల నేలను లేపాను. ఆసుపత్రికి యంత్రాలొచ్చిన చెక్కపెట్టెలు విప్పి, ఆవిడ ఎక్కి నిలబడడానికి నాలుగు సాయంత్రాల్లో ఐదు దిమ్మెలు చేశాను. ఎత్తులు రెండున్నర, ఐదు, ఐదు, ఏడున్నర, పది సెంటీమీటర్లు. మెట్ల వైపు చివర సుద్దగీత చాలు. శుక్రవారం వాటిని మేడ మీదికి మోస్తుంటే వాచ్‌మన్ వెనకే వచ్చాడు.

"ఇగ స్టేజీ గూడ కడ్తున్నవా? షాదీ ఎవరిది?"

మరుసటి గురువారం లెక్క ఎనభై నాలుగు. రోజూ డ్యూటీ దిగగానే మేడ ఎక్కుతున్నారని, మోకాలికి ఐసు కట్టుకుని కిందికి దిగుతున్నారని అక్క చెప్పింది.

సెలవుకు ముందు చివరి గురువారం నేను విజిటర్ల గదిలో, వాచ్‌మన్ గుమ్మంలో. అక్క మెట్లు దిగి పరుగున వచ్చింది.

"తొంభై ఒకటి! చివరి పది వరసగా వేసిందిరా."

"గా తొమ్మిది యాడ వోయినయ్ మరి?" అన్నాడు వాచ్‌మన్.

"ఆ తొమ్మిదీ మీరే వెతికి తేవాలి భాయ్," అన్నాను నేను.

ఆవిడ పాస్‌పోర్టులో, దేశం దాటి వెళ్లి తిరిగి రావడానికి కావలసిన ఎగ్జిట్ రీఎంట్రీ స్టాంపు పడింది. వెళ్లారు, ఆడి చూపించి తిరిగొచ్చారు, కాంట్రాక్టు ముగియగానే పూర్తిగా వెళ్లిపోయారు. మరుసటి ఏడాది అక్క పేరున ఒక కార్డు వచ్చింది. మోకాలు మళ్లీ మొరాయించిందని, ఈసారి ఆట నిజంగానే మానేశానని రాశారు. కింద నా కోసం ఒక లెక్క రాసి ఉంది. దేశం తరఫున ఆడిన మ్యాచ్‌లు: ముప్పై ఒకటికి మూడు కలిపి, మొత్తం ముప్పై నాలుగు.