ఐదో విమానం

రిటైరయ్యాక ప్రతి శనివారం ఇక్కడ అమెరికాలో, హెర్న్‌డన్ దగ్గర ఒక విమానాల మ్యూజియంలో వాలంటీరుగా నిలబడుతున్నాను. నాకిచ్చింది మొదటి ప్రపంచ యుద్ధం నాటి ఫైటర్. చెక్క చట్రం, దాని మీద బిగించిన బట్ట, ముందు రెండు మెషిన్ గన్‌లు. పైలట్‌కి పారాచూట్ లేదు. పక్కన అతని ఫొటో, కింద పలక: కూల్చిన శత్రు విమానాలు నాలుగు.

ఐదు కూలిస్తే 'ఏస్' అనే బిరుదు. కూల్చానని పైలట్ చెబితే చాలదు, అది పడిపోవడం ఇంకొకరు చూసి ఉండాలి. ఈ నియమమంటే నాకు ప్రాణం. బాబాల మహిమలకూ ఇదే పెడితే ఒక్కటీ మిగలదని ఎన్ని హేతువాద సభల్లో అన్నానో లెక్కలేదు.

ఒక శనివారం ఆ పైలట్ కూతురు వీల్‌చెయిర్‌లో వచ్చింది. తొంభై దాటిన మనిషి. నాన్న ఐదోదాన్ని కూడా కూల్చాడు, అది మబ్బుల్లోకి పడిపోయింది, పలక మీద లేదు అంది. ఆమెను పూర్తి చేయనివ్వలేదు. చూసినవాళ్లెవరని అడిగాను. ఎవరూ లేరంది. అయితే అది కథే గాని చరిత్ర కాదన్నాను. కూతురి ప్రేమ సాక్ష్యం కాదని కూడా అన్నాను. చుట్టూ ఉన్నవాళ్లు తలలూపారు. ఆమె థాంక్స్ చెప్పి వెళ్లిపోయింది.

నన్ను తీసుకెళ్లడానికి ముందే వచ్చిన నా భార్య, కెఫెటీరియాలో ఆమె పక్కనే కూర్చుందట. ఇంటికి డ్రైవ్ చేస్తూ అడిగింది.

"ఆవిడ బిరుదు కోసం వచ్చిందనుకున్నారా?"

"మరి దేనికి?"

"వాళ్ల నాన్న ఆ ఐదో విమానంలోవాడి మొహం చూశాడటండీ. మబ్బులోకి పోయేముందు వాడు చెయ్యెత్తాడట. చివరిదాకా అదే చెప్పేవాడట. ఆ మనిషి గురించి ఎక్కడా లేదు, మీ బోర్డు మీదైనా ఒక లైన్ రాస్తారేమోనని వచ్చింది. సాక్షి లేకపోతే మనిషి చావనట్టేనా? డిబేట్ మాత్రం గెలిచారు లెండి."

నాకు కోపం రాలేదు. సిగ్గు కూడా రాలేదు. సిగ్నల్ పడింది, కారు ఆగింది, మళ్లీ కదిలింది.

మర్నాడు మ్యూజియంకి ఈమెయిల్ పెట్టాను. ఆమె అడ్రస్ తమ దగ్గర లేదన్నారు. పలక మార్చాలంటే ఆధారం కావాలన్నారు. నేనైనా అదే జవాబిచ్చేవాణ్ణి.

ఇప్పుడు శనివారాల్లో ఇలా చెబుతున్నాను: రుజువైనవి నాలుగు. ఐదోది ఉందని పైలట్ తన కూతురికి చెప్పాడు. ఆమె నా భార్యకు చెప్పింది. నాకు చెప్పబోతే నేను వినలేదు.

జనం తలూపి పక్క విమానం దగ్గరికి వెళ్తారు. నేను పలక మీద దుమ్ము తుడిచి, తర్వాతి గుంపు కోసం నిలబడతాను.