ఎర్ర అట్ట పుస్తకం

సిరిసిల్లలో మగ్గాలకు నూలు కండెలు చుట్టే అంబవ్వకు చదవడం రాదు. టీచర్ ట్రైనింగు చేస్తున్న కూతురు తన పుస్తకాలు పైకి చదువుతుంటే, రాట్నం తిప్పుతూ వింటుంది. మంచి మాట వస్తేనే రాట్నం ఆపి, ఆ పేజీలో నూలుపోగు పెట్టిస్తుంది. నక్సలైట్ల కోసం పోలీసులు ఇళ్లు సోదా చేస్తున్న రోజులవి. ఎర్ర అట్టలున్న పుస్తకాలను వాడకట్టంతా పొయ్యిలో పెట్టింది. అంబవ్వ మాత్రం కూతురి ఎర్ర పుస్తకాన్ని దేవుడి గూట్లోనే ఉంచింది. ఒక పొద్దున ఎస్సై వచ్చి దాన్ని లాగి, "ఏమున్నదే గిండ్ల?" అని గద్దించాడు.

"పిల్లలకు సదువెట్ల చెప్పాల్నో ఉన్నది సారూ. భయపడ్డ పిల్లలకు లెక్కలు రావట. నూలుపోగు కాడ సూడు," అంది అంబవ్వ, రాట్నం ఆపకుండానే.

ఎస్సై ఆ పేజీ తీసి చదివాడు. "మా పోరడు గూడ లెక్కలంటే ఏడుస్తడు," అన్నాడు మెల్లగా.

అంబవ్వ రాట్నం ఆపింది.

"ఇంట్ల గూడ గిట్లనే గద్దిస్తవా సారూ?"