స్తంభం పలికిన శనివారం

1938లో కారిగన్ దీవిలో ఒక గోల్ స్తంభం నోరు విప్పి మాట్లాడింది. నమ్మకపోతే మీ ఇష్టం. సరే, నోరు విప్పి అనడం కాస్త ఎక్కువే. అన్నది కూడా ఒక్క మాటే, 'టక్' అని. కానీ అది నిజం చెప్పింది. దాని పక్కన నిలబడ్డ పర్సీ టల్లక్ అబద్ధం చెప్పాడు, అది కూడా తన గొంతు తనే కోసుకునే అబద్ధం.

పర్సీ వెన్న ఫ్యాక్టరీలో పెట్టెలకు వెన్న సర్దేవాడు. శనివారాలు రేవు జట్టులో ఫుట్‌బాల్ ఆడేవాడు, బంతిని చేత్తో కూడా పట్టుకునే రకం ఫుట్‌బాల్. గాల్లోకి ఎగిరి బంతిని పట్టబోయి జారవిడిచినప్పుడల్లా కంచె అవతల నుంచి ఎవరో ఒకరు అరిచేవారు: "చేతులు కడుక్కుని రారా పర్సీ!"

దీవి మొత్తానికి మూడే జట్లు: రేవు, కొండ, లైట్‌హౌస్. పాయింట్లలో పైనున్న రెండూ సెప్టెంబరులో ఫైనల్ ఆడతాయి. మూడింటిలో రెండు! ఆ రెండింటిలో ఒకటి కాకుండా ఉండాలంటే ఎంతో పట్టుదల కావాలి. రేవు జట్టుకి ఆ పట్టుదల ఉంది. ఇరవయ్యో ఏట మొదలుపెట్టిన పర్సీకి ముప్పై ఎనిమిది వచ్చాయి, ఒక్క ఫైనల్ కూడా ఆడలేదు. పొద్దున మంచం దిగేటప్పుడే కుడి మోకాలు తగాదాకి వస్తోంది. ఇదే ఆఖరి సీజన్ అని భార్య మర్టిల్‌కి మాటిచ్చాడు.

ఆ సీజనంతా పళ్ళు కొరుక్కోవడంతోనే గడిచింది. మే నెలలో కొండ చేతిలో ఒక్క పాయింటు తేడాతో ఓడారు. జూన్‌లో లారీ బురదలో దిగబడితే పద్దెనిమిది మందికి పదమూడు మందే మైదానం చేరారు. జూలైలో లైట్‌హౌస్‌తో ఆట. రెండు పొడుగాటి స్తంభాల మధ్య నుంచి బంతి దేనికీ తగలకుండా వెళితే ఆరు పాయింట్లు, అంపైరు రెండు జెండాలు ఎత్తుతాడు. స్తంభానికి తగిలితే ఒకటే పాయింటు, ఒకటే జెండా. పర్సీ ఆ రోజు రెండుసార్లు స్తంభాన్ని కొట్టాడు. రెండుసార్లూ 'టక్' మన్న చప్పుడు దీవి ఆ చివరిదాకా వినబడింది. రెండు పాయింట్ల తేడాతో ఓడారు.

"స్తంభాలు నీకేమన్నా బాకీ ఉన్నాయా?" అన్నాడు కెప్టెన్ గస్ హర్లీ.

"నువ్వు నోరు మూసుకో గస్."

ఇన్ని జరిగినా ఆఖరి వారానికి రేవుకి ఆశ మిగిలింది. ఆ శనివారం కొండకీ లైట్‌హౌస్‌కీ ఆట. కొండ గెలిస్తే రేవు ఫైనల్‌కి వెళ్తుంది. లైట్‌హౌస్ గెలిస్తే రేవు ఇంటికి.

ఆ దీవిలో ఏ జట్టుకి సెలవైతే ఆ జట్టే మైదానం సిద్ధం చేయాలి, గోల్ దగ్గర అంపైరుగా నిలబడాలి. ఇంకెవరున్నారు గనక? శుక్రవారం మధ్యాహ్నం స్తంభాలకి తెల్ల రంగు వేసింది పర్సీయే. సముద్రపు తేమకి ఆ రంగు ఆరితేగా. శనివారం ఫుట్‌బాల్ సంఘంవాళ్ళ తెల్లకోటు వేసుకుని, రెండు జెండాలు పట్టుకుని నిలబడిందీ పర్సీయే.

ఆట ముగింపు గంట మోగేసరికి లైట్‌హౌస్ మూడు పాయింట్లు వెనకబడి ఉంది. కానీ గంటకు ముందే వాళ్ళ టెడ్ లోరిమర్ బంతిని గాల్లో పట్టేశాడు. అలా పట్టినవాడికి అడ్డులేకుండా ఒకసారి తన్నే హక్కు ఉంటుంది, కాబట్టి ఇంకొక్క తన్ను ఉంది. లోరిమర్ వాలబీలనే చిన్న కంగారూలకు ఉచ్చులు వేసి బతికేవాడు, నోరు కూడా ఉచ్చులాంటిదే. బంతిని చంకలో పెట్టుకుని కేకేశాడు:

"ఏం పర్సీ, జెండాలు రెండూ తెచ్చావా? ఒకటి ఇంట్లో వదిలేసి వచ్చావా?"

కంచె చుట్టూ నవ్వులు. "వాడు రేవు వాడురా, ఒకటే ఎత్తుతాడు చూడు!" అని ఎవరో అరిచారు. పర్సీ చెవులు వేడెక్కాయి.

లోరిమర్ తన్నాడు. కంచె చుట్టూ ఆపిన కార్ల హారన్లన్నీ ఒక్కసారిగా మోగాయి. బంతి వంకర తిరుగుతూ వచ్చి, ఎడమ స్తంభాన్ని గోటితో గీరినంత మాత్రంగా తాకి, లోపలికి పడింది. టక్. ఆ హారన్ల మోతలో అది విన్నది పర్సీ ఒక్కడే. కొండ ఆటగాళ్ళు "తగిలింది, తగిలింది!" అన్నారు. కానీ బంతి మేఘాల్లోంచి వెళ్ళినా వాళ్ళు ఆ మాటే అంటారు.

పర్సీ వంగి బంతి తీశాడు. తోలు మీద తెల్ల చార. తను వేసిన రంగే.

ఒక్క జెండా ఎత్తితే ఫైనల్. పద్దెనిమిదేళ్ళుగా ఎదురుచూసిన ఫైనల్. అదే జెండాతో చచ్చేదాకా దొంగ పర్సీ. దీవిలో ఒక పేరు అంటుకుంటే సమాధి రాయి మీద కూడా పోదు. అతను కోటు ఎడమ చేతి అంచుతో ఆ చార తుడిచేశాడు. తెలుపు మీద తెలుపు, ఎవరికి కనిపిస్తుంది? రెండు జెండాలూ ఎత్తాడు.

లైట్‌హౌస్ వాళ్ళు అతన్ని భుజాలకెత్తుకుని మైదానమంతా తిప్పారు. దించండిరా అని ఎంత మొత్తుకున్నా వినలేదు. ఆ సాయంత్రమే ఉప్పువేసిన మటన్‌బర్డ్ అనే సముద్రపు పక్షి మాంసం ఒక పీపా ఇంటికి పంపారు. అతనికి ప్రాణమైన కూర. ఒక్క ముక్క కూడా ముట్టలేదు.

గస్ ఫ్యాక్టరీ గేటు దగ్గర పట్టుకున్నాడు. "తగిలిందా లేదా? నిజం చెప్పు."

"తగల్లేదు."

"కాస్త చూపు మందగించినట్టు నటించలేకపోయావా? నీ నిజాయితీని తగలెయ్య!"

సోమవారం మర్టిల్ కోటు ఉతికింది. మూడుసార్లు రుద్దినా ఎడమ చేతి అంచు అట్టలా బిగుసుకునే ఉంది. కోటు తెచ్చి అతని ముందు పడేసింది.

"ఏంటిది?"

"స్తంభానికి ఆనుకున్నా."

"మోచేత్తో ఆనుకుంటారు. ముంజేతి అంచుతో ఎవరానుకుంటారు? చెప్పు పర్సీ."

చెప్పాడు. ఆమె కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది.

"వినబడిందా?"

"వినబడింది."

"వినబడీ రెండెత్తావా?"

"ఒకటెత్తితే దొంగనేవాళ్ళు."

"ఇప్పుడేమంటున్నారు?"

"నిజాయితీపరుడంటున్నారు," అన్నాడు, ఏడుపు గొంతుతో.

"పద్దెనిమిదేళ్ళు నీ బురద చొక్కాలు ఉతికానయ్యా! ఒక్క ఫైనల్ చూద్దామని. వెళ్ళి చెప్పు వాళ్ళకి, ఇప్పుడే!"

టోపీ పెట్టుకుని సంఘం కార్యదర్శి దుకాణానికి వెళ్ళాడు. నోరు తెరిచేలోగానే ఆయన చెయ్యి పట్టి ఊపేశాడు. "పర్సీ, నీకోసమే కబురు పెట్టబోతున్నా. ఫైనల్‌కి గోల్ అంపైరువి నువ్వే. రెండు జట్లూ ఒకే మాట అన్నాయి, పర్సీ అయితేనే ఆడతామని." నిజం చెప్పడానికి తెరిచిన నోటితో "థాంక్స్" అని తిరిగొచ్చాడు.

అలా పర్సీ ఫైనల్ మైదానంలో అడుగుపెట్టాడు, స్తంభాల మధ్య, తెల్లకోటులో. లైట్‌హౌస్ నలభై పాయింట్లతో గెలిచి కప్పు ఎత్తుకుపోయింది. మరుసటి ఏడు మోకాలు ఒప్పుకోలేదు.

మర్టిల్ ఆ కోటు అంచు కత్తిరించి, కొత్త గుడ్డ కుట్టి సంఘానికి అప్పగించింది. పాత అంచు కుట్టు పెట్టెలో దాచింది. ముప్పై ఏళ్ళ తరువాత కూడా, ఇంటికొచ్చినవాళ్ళు పర్సీ నిజాయితీ గురించి ఎత్తితే చాలు, ఆ ముక్క తీసి టేబుల్ మీద పెడుతుంది. వేలితో కొడితే అది ఇప్పటికీ టక్‌మంటుంది.

"అది వెన్న," అంటాడు పర్సీ, టీ కప్పులోంచి తలెత్తకుండా.

"ముప్పై ఏళ్ళ నుంచి ఇంత గట్టిగా ఉన్న వెన్నా?"

"మా ఫ్యాక్టరీ వెన్న మంచిది. బంతి స్తంభానికి తగల్లేదు. నేనేమీ వినలేదు. ఆ స్తంభాలకి రంగు వేసింది కూడా నేను కాదు."