నో పార్కింగులో నా ఫొటోలు

గుజరాతు నుంచి ఫోను చేసిన మా బావ ఆ రోజు తిన్నావా అని గానీ, అమ్మ ఎలాగుంది అని గానీ అడగలేదు.

"ఏటే, ఆ నీలం సీర ఎప్పుడు కొన్నావు?" అన్నాడు.

నేను కాశీబుగ్గ చేపల బజారులో ఉన్నాను. చేతులకి పొలుసులు అంటుకుని ఉన్నాయి, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకున్నాను. ఆ చీర కొని రెండు వారాలైనా కాలేదు. దాని సంగతి నేను బావకి చెప్పలేదు.

"నీకెవలు సెప్పినారు?"

"పోలీసోలు సెప్పినారు," అని నవ్వాడు.

మాది అక్కుపల్లికి దగ్గరలో, సముద్రం ఒడ్డునున్న చిన్న ఊరు. ఆగస్టు వచ్చిందంటే మా ఊరి మగవాళ్ళు చాలామంది పలాసలో రైలెక్కి గుజరాతు వెళ్ళిపోతారు. అక్కడి బోట్ల మీద పనిచేసి, మళ్ళీ ఎండాకాలం చివర ఇల్లు చేరతారు. బావ మా మేనత్త కొడుకే. ఊహ తెలిసినప్పటి నుంచి చూస్తున్న మనిషే. కానీ పెళ్ళయ్యాక మేమిద్దరం ఒక ఇంట్లో ఉన్నది ఏడాదికి రెండు నెలలు, మహా అయితే మూడు.

ఆ ఏడు వెళ్ళేముందు బావ ఒక మోపెడ్ కొన్నాడు. అంతకుముందు నేనూ అత్తా చేపల గంపలు ఆటోలో వేసుకుని కాశీబుగ్గ వెళ్ళేవాళ్ళం. ఆటో నిండేదాకా కదలదు, నిండాక మాకు చోటుండదు. సరుగుడు తోటల పక్క రోడ్డు మీద బావ నాకు బండి నేర్పాడు. వెనకాల పరిగెడుతూ, "కిందకి సూడకే, ముందుకి సూడు" అని అరిచేవాడు. నేర్చుకున్న వారానికే రైలెక్కేశాడు. బండి కాగితాల్లో పేరు తనదే, ఫోను నెంబరూ తనదే. అది మాకెవరికీ పెద్ద సంగతిగా తోచలేదు.

పొద్దున్నే ఒడ్డున వేలం పాటలో చేపలు కొని, కాళ్ళ దగ్గర ఐసు పెట్టె, వెనకాల అత్త, జీడితోటల మధ్య నుంచి కాశీబుగ్గ. బజారు ముందు ఖాళీ కనిపించిన చోట బండి ఆపేదాన్ని. అందరూ అలాగే ఆపుతున్నారు కదా అనుకున్నాను. ఆ మధ్య రోడ్డు మీద కొత్త బోర్డులు పెట్టారు. చూశాను గానీ చదవలేదు. ఇంటరు దాకా టెక్కలిలో చదువుకున్నదాన్ని, చదవడం రాక కాదు. తల మీద గంపతో బోర్డులు చదివే తీరిక ఎవరికుంటుంది?

బోటు సముద్రం మీదకి వెళితే ఇరవై రోజులు సిగ్నలుండదు. రేవుకి తిరిగొచ్చాక ఫోనులో అన్నీ కుప్పగా పడతాయి. ఆ కుప్పలో మూడు ఫైను మెసేజీలున్నాయట. ఒక్కోదాన్నీ తెరిస్తే ఒక్కో ఫొటో. బండి నెంబరు కనబడేలా పోలీసులు తీసినవి. బండి పక్కనే నేను.

"ఒకదాంట్లో వొంగి పెట్టె లాగుతన్నావు. నీలం సీర కుచ్చిళ్ళు ఎగ్గట్టుకున్నావు. ఇంకోదాంట్లో బండికి ఆనుకుని ఇడ్లీ తింతన్నావు. మూడోదాంట్లో నువ్వు నేవు, నీ సెయ్యొకటే ఉంది. గాజుల్ని బట్టి పోల్సినాను."

నాకు ముందు సిగ్గేసింది. ఎవరో ఫొటో తీస్తుంటే తెలియకుండా ఇడ్లీ తింటున్నానా! తర్వాత భయమేసింది. అత్త అయితే గంప పక్కన కూలబడిపోయింది.

"ఓలమ్మా! పోలీసోలు ఫొటో తీసినారా? మనం దొంగలమేటి? ఈ బండొద్దు, ఏటొద్దు. రేపట్నుంచి ఆటోలోనే ఎల్దుము."

అత్త మాట వినివుంటే ఈ కథ అక్కడితో అయిపోయేది. మర్నాడు చేపలు అమ్మగానే నేను పోలీసు స్టేషనుకి వెళ్ళాను. గుమ్మం బయటే చాలాసేపు నిలబడ్డాను. లోపల్నుంచి ఒక మహిళా కానిస్టేబులు చూసి పిలిచింది. నలభై ఏళ్ళుంటాయేమో, కళ్ళద్దాలు, వాడిపోయిన ముఖం.

"ఏం చెల్లీ, కంప్లయింటా?"

"కాదండి. బండి ఎక్కడ పెట్టాలో తెలుసుకుందామని వచ్చాను."

ఆవిడ నా ముఖంలోకి చూసి కుర్చీ చూపించింది. "ఫైను ఎందుకేశారని గొడవకి వచ్చినోళ్ళని చూశాను గానీ, రూలు చెప్పమని వచ్చినోళ్ళని చూడలేదు," అంది. ఓపిగ్గా చెప్పింది. మా బజారు రోడ్డుకి బేసి తేదీల్లో ఎడమ పక్క, సరి తేదీల్లో కుడి పక్క బళ్ళు పెట్టుకోవాలి. మలుపు దగ్గరా, బస్సులు ఆగే చోటా ఏ రోజూ పెట్టకూడదు. పొద్దున్న ఎనిమిదిలోపు సరుకు దింపుకోవడానికి ఎక్కడైనా ఆపవచ్చు గానీ దింపగానే తీసేయాలి. రోజంతా ఉంచాలంటే కూరగాయల బజారు వెనక ఖాళీ స్థలం ఉంది.

అత్తకి మున్సిపాలిటీ వాళ్ళిచ్చిన వీధి వ్యాపారుల గుర్తింపు కార్డు ఉంది. ఆ ధైర్యంతో అది తీసి చూపించాను.

"ఇది మనిషికి చెల్లీ, బండికి కాదు," అంది ఆవిడ. "మీ అత్త రోడ్డు పక్కన కూకోవచ్చు. బండి కూకోకూడదు."

ఇద్దరం నవ్వుకున్నాం. లేచి వస్తుంటే ఇంకో మాట చెప్పింది. మెసేజీలు నాకే రావాలంటే టెక్కలిలో రవాణా ఆఫీసుకి వెళ్ళి నెంబరు మార్పించుకోవాలి, లేకపోతే ఎక్కడో ఉన్న మనిషికి వెళ్ళిపోతుంటాయి అని.

వెళ్దామనే అనుకున్నాను. ఆ సాయంత్రం బావ మళ్ళీ ఫోను చేశాడు. ఫైన్లు కట్టేశానన్నాడు. నేను రూల్సన్నీ అప్పజెప్పాను. అన్నిటికీ "ఊఁ" అన్నాడు.

"బావ, కోపమొచ్చిందేటి?"

"కోపం కాదే. ఆ ఫొటోలు మల్లీ సూత్తన్నాను."

"రేవుకొచ్చినప్పుడల్లా వీడియోలో సూడ్డం లేదేటి నన్ను?"

"వీడియోలో నువ్వు నన్నే సూత్తావు. జుట్టు సరిసేసుకుంతావు, బాగున్నాను బాగున్నాను అంతావు. నువ్వు నన్ను సూడనప్పుడు ఎలగుంతావో, అది సూసి శానా రోజులైపోనాది."

అత్త ఫోనిమ్మని చెయ్యి చాపుతోంది, ఇచ్చేశాను. పెరట్లోకి వెళ్ళి ఊరికే నిలబడ్డాను. సముద్రం మీంచి గాలి వస్తోంది. బావ ఉన్నది కూడా సముద్రం ఒడ్డే, కానీ అది ఇది కాదు. అక్కడ సూర్యుడు సముద్రంలోకి దిగుతాడని, మనకి లాగ సముద్రంలోంచి లేవడని ఒకసారి చెప్పాడు.

టెక్కలి వెళ్ళి నెంబరు మార్పించే పని వాయిదా పడుతూనే ఉంది. ఎందుకు పడుతోందో నాకు తెలుసు.

అయినా రూలు తెలిశాక తప్పడానికి మనసొప్పలేదు. పొద్దున్న లేవగానే తేదీ చూసుకునేదాన్ని. నిన్న ఎడమ పెడితే ఇవాళ కుడి. అలా అలవాటైపోయి, ఒక నెల ముప్పై ఒకటిన ఎడమ పక్క పెట్టి, మర్నాడు ఒకటో తేదీన కుడి పక్క పెట్టాను. రెండూ బేసి తేదీలేనని తోచలేదు. ఆ నెలకి అదొక్కటే ఫైను. బావ రేవుకి రాగానే ఫోను చేసి, "ఎంత మంచి పని సేసినావే!" అన్నాడు. ఫైను పడితే సంబరపడిన మొగుణ్ణి ఎక్కడా చూడలేదని అత్త బుగ్గలు నొక్కుకుంది. ఆ ఫొటోలో నేను పక్కవాళ్ళతో ఏదో వాదిస్తున్నానట. "నీ కోపం ముఖం కూడా మరిసిపోనాను," అన్నాడు.

సంక్రాంతి దాటాక బావ మాట తీరు మారింది. పక్క బోటులో మనూరి పిల్లడికి వల లాగే వించిలో చెయ్యి నలిగిపోయిందని ఒకసారి చెప్పాడు. తర్వాత ఆ మాట ఎత్తలేదు. ఏం తిన్నావంటే "ఏదో తిన్నాను" అనేవాడు. ఒకసారి ఫోను పెట్టేయబోతూ, "ఈపాలి ఒక్క మెసేజీ కూడా నేదే," అన్నాడు. అంతే అన్నాడు.

మర్నాడు నేను బస్సులు ఆగే చోట, బోర్డు కిందే బండి పెట్టాను. బాగా ముస్తాబవుదామని ముందు అనుకుని, మళ్ళీ వద్దనుకుని రోజూ కట్టే చీరే కట్టాను. పనున్నట్టు పెట్టె సర్దుతూ నిలబడ్డాను. ఎటూ చూడకూడదని అనుకుంటుంటే కళ్ళు అటూ ఇటూ పోతూనే ఉన్నాయి. అత్తకి అర్థమైందో ఏమో, దూరంగా కూర్చుని చేపల మీద ఈగలు తోలుకుంటోంది.

వచ్చింది ఆ కానిస్టేబులే.

"చెల్లీ! రూలు నా దగ్గర నేర్చుకుని ఇక్కడ పెట్టావేటి?"

అబద్ధం చెప్పడానికి నోరు రాలేదు. గుజరాతు, బోటు, మెసేజీలు, బావ అన్న మాట, అంతా చెప్పేశాను. చెబుతుంటే నాకే ఎంత పిచ్చిగా ఉందో తెలుస్తోంది. ఆవిడ నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు.

"ముందు బండి తీయ్. బస్సొస్తే జనం రోడ్డు మధ్యలో దిగాలి, ఎవరికైనా తగిలితే?" అంది. తల దించుకుని స్టాండు తీశాను. "నీ ఫోను నెంబరు చెప్పు," అంది మళ్ళీ. భయపడుతూనే చెప్పాను. రాసుకుని వెళ్ళిపోయింది.

ఏమీ జరగలేదు. వారం గడిచింది. ఒక మధ్యాహ్నం ఫోనులో ఫొటో వచ్చింది. కూరగాయల బజారు వెనక స్థలంలో, వరసలో, సరైన చోట మా బండి. సీటు మీద పక్కకి కూర్చుని నేను. చెప్పు విప్పి కాలు నొక్కుకుంటున్నాను. ముఖం అలిసిపోయి ఉంది. ఎదురుగా అత్త ఏదో చెబుతున్నట్టుంది, నా పెదవి చివర కొంచెం నవ్వు. ఎప్పుడు తీసిందో ఈనాటికీ నాకు తెలియదు. కింద ఒకటే మాట రాసింది: "ఫైను లేదు."

అది బావకి పంపాను. బోటు రేవుకొచ్చేదాకా ఆగాల్సి వచ్చింది. ఆ రోజు బోర్డు కింద బండి పెట్టిన సంగతీ చెప్పేశాను. బావ చాలాసేపు మాట్లాడాడు. చెప్పు కొత్తది కొనుక్కోమన్నాడు, కాలుకి నూనె రాయమన్నాడు, అమ్మ ఏం చెప్పి నవ్వించిందో అడిగాడు. నాకు గుర్తులేదంటే ఒప్పుకోలేదు.

అప్పుడు నా నోట్లోంచి ఒక మాట వచ్చేసింది.

"నీకక్కడ ఎవలూ ఫైను ఎయ్యరేటి బావ?"

"నాకెందుకు ఏత్తారే?"

"ఏత్తే, నాను సూడనప్పుడు నువ్వెలగుంతావో నాకు తెలుత్తాది."

అవతల బోటు మీంచి ఎవరో కేకేస్తే, "మల్లీ సేత్తానే" అని పెట్టేశాడు.

తర్వాతి నెల బావ ఫోను నుంచి ఫొటో వచ్చింది. బోటులో కలిసి పనిచేసే మనిషి తీశాడట. బావ వీపు ఇటు తిప్పి వల బాగుచేసుకుంటున్నాడు. చొక్కా భుజం దగ్గర చిరిగింది. మెడ సన్నబడి, వెనక ఎముక తేలింది. వీడియోలో ఎప్పుడూ గెడ్డం గీసుకుని, దువ్వుకుని కనిపించే మనిషి మెడ అలా ఉందని నాకు తెలియదు. అత్తకి చూపించలేదు. ఆ రోజు చేపలు కొంటున్న ఆవిడని ఎన్ని ముక్కలు చెయ్యాలో మూడుసార్లు అడిగాను.

ఎండలు ముదిరాక బావ వచ్చాడు. వచ్చిన నాలుగో రోజునే బండి నా పేరున రాయిస్తానన్నాడు.

"నడిపేది నువ్వు. రేపేదైనా దెబ్బ తగిల్తే కాయితం మీద నా పేరుంటే ఏటి లాభం? నానక్కడ నీల్లలో ఉంతాను."

"మెసేజీలు నాకే వత్తాయప్పుడు," అన్నాను.

"తెలుసు," అన్నాడు. "నాను అడిగితే మల్లీ బోర్డు కింద పెడతావు నువ్వు," అన్నాడు.

టెక్కలి వెళ్ళాం. రవాణా ఆఫీసులో పాత ఫైన్లేమైనా మిగిలాయా అని చూసి, లేవన్నారు. బావ చెప్పిన చోటల్లా సంతకాలు పెట్టాడు. ఒక్కో కాగితం మీదా పేరు నెమ్మదిగా, అక్షరం అక్షరం రాశాడు. పక్కన నిలబడి ఆ వేళ్ళు చూస్తున్నాను. తాడు ఒరుసుకుపోయి రెండు వేళ్ళ మీద చర్మం కొత్తగా వచ్చింది. పని అయ్యాక నేను చదివిన కాలేజీ ముందు నుంచి తీసుకెళ్ళి, అప్పట్లో బస్సు కోసం నిలబడే చోటు చూపించాను. హోటల్లో భోంచేశాం. బావ రెండుసార్లు అన్నం వేయించుకున్నాడు.

తిరిగొచ్చేటప్పుడు, "బండి నీది, నువ్వే నడుపు," అని వెనకాల కూర్చున్నాడు. తను నేర్పిన బండి మీద తను వెనక కూర్చోవడం అదే మొదలు. మొదట సీటు వెనక రేకు పట్టుకున్నాడు, తర్వాత నా భుజం మీద చెయ్యి వేశాడు. పూండి దాటాం. రెండు పక్కలా జీడితోటలు, పళ్ళు రాలి పులిసిన వాసన. ఆగస్టుకి ఇంకా రెండు నెలలైనా లేదు.

"ఏటే ఇంత మెల్లగా ఎల్తన్నావు? అమ్మ సూత్తుంటాది," అన్నాడు బావ.

"రోడ్డు బాలేదు బావ," అన్నాను.

రోడ్డు బాగానే ఉంది.