షూటింగ్‌కు పోయిన బస్తీ

మా బస్తీ ఎక్కడుందంటే చెప్పే మనిషిని బట్టి జవాబు మారుతుంది. జూబ్లీ హిల్స్ వాళ్లు అది ఫిల్మ్‌నగర్ కిందికి వస్తుందంటారు. ఫిల్మ్‌నగర్ వాళ్లు జూబ్లీ హిల్స్ వైపు చెయ్యి చూపిస్తారు. మా ఓనరు మాత్రం కిరాయి చెప్పేటప్పుడు నిక్కచ్చిగా జూబ్లీ హిల్స్ అంటాడు. ఫోన్లో మ్యాప్ తెరిస్తే మా ఇళ్లున్న చోట పచ్చరంగు పూసి ఉంటుంది. పార్కులో ఉంటున్నందుకు మేం సంతోషించాలి కాబోలు.

జనాభా సంగతి ఇంకా వింత. పొద్దున్నే కొందరు పెద్దిళ్లలో వంటకు, కొందరు కార్లు నడపడానికి పోతారు. మిగిలినవాళ్లు షూటింగుల్లో జనం. ఊరేగింపైనా, తిరుగుబాటైనా, శవయాత్రైనా మేమే. మేమెంతమందిమో మున్సిపాలిటీకి తెలియదు గానీ జూనియర్ ఆర్టిస్టుల ఏజెంటుకు చంటిపిల్లలతో సహా తెలుసు.

మాకు నల్లా లేదు. ట్యాంకర్ కింద రోడ్డు మీదే ఆగుతుంది. అక్కడి నుంచి బిందెలు గుట్ట మీదికి మోసి మోసి మా అమ్మ నడుం పోయింది. బరువులెత్తొద్దన్నాడు డాక్టరు. నీళ్లు వాటంతటవే మెట్లెక్కి వస్తాయని ఆయన నమ్మకం. ఏళ్లపాటు నీళ్ల ఆఫీసు చుట్టూ తిరిగాక, ఇంజనీరు వచ్చి ఇళ్లలో మనుషులున్నారని చూసుకుంటే పైపు వేస్తామన్నారు. ఎప్పుడొస్తాడో చెప్పలేదు. చెప్పి వస్తే వాళ్ల పరువేం కావాలి?

ఆ వారమే ఏజెంటు వచ్చాడు.

"పేదల బస్తీ సీనమ్మా. ముసలివాళ్లతో సహా అందరూ రావాలి."

"గీడనే తీయరాదా సార్? గిది బస్తే గదా" అంది అమ్మ.

"డైరెక్టర్ గారు చూశారమ్మా. ఇది బస్తీలా లేదన్నారు."

అందుకని దగ్గర్లోని స్టూడియోలో ఇంకో బస్తీ కట్టారు. మేం మా ఇళ్లకు తాళాలేసి అందులో బతకడానికి వెళ్లాం. అక్కడ నల్లా ఉంది. తిప్పితే నీళ్లొచ్చాయి. దాని దగ్గర కొట్లాడమన్నారు. అది మాకు ఎవరూ నేర్పక్కర్లేదు. కానీ అమ్మ కొట్లాడలేదు. ధార కింద బిందె పెట్టి, నిండుతుంటే చూస్తూ నిలబడింది. కట్ చెప్పినా కదల్లేదు. ఆ ముఖం చూసి నాకు ఏడుపొచ్చింది. డైరెక్టరుకు నచ్చలేదు, కోపం సరిగ్గా పలకలేదట.

సాయంత్రం తిరిగొస్తుంటే రోడ్డు మీది కిరాణా కొట్టాయన అమ్మను ఆపాడు.

"ఇంజనీర్ సారొచ్చిండక్కా. అన్నిటికీ తాళాలే. అందరు షూటింగ్‌కు పోయిండ్రని చెప్పిన. ముసలోళ్లు గూడనా అని నవ్విండు. ఈడ ఎవ్వరుంటలేరనుకుంట పోయిండు."

అమ్మ మెట్లెక్కి వచ్చి ఇంటి తాళం తీసింది. తర్వాత మాకు రావాల్సిన పైపు పైనున్న బంగళాల వైపు తిరిగింది. అక్కడ పచ్చికకు దాహం ఎక్కువ.

కొన్నాళ్లకు ఏజెంటు మళ్లీ వచ్చాడు. ఈసారి పెళ్లి సీను, బస్తీ అంతా కావాలన్నాడు. అమ్మ గడపలో కూర్చుని నడుముకు మందు రాసుకుంటోంది. తల ఎత్తలేదు.

"ఈడ ఎవ్వరుంటలేరు సార్. సర్కారోళ్లు చూసిపోయిండ్రు."

ఏజెంటు నవ్వాడు. అమ్మ నవ్వలేదు. అంతలో కింద ట్యాంకర్ హారన్ మోగింది. ఎవ్వరూ లేని ఇళ్ల తలుపులన్నీ తెరుచుకున్నాయి. అమ్మ గోడ పట్టుకుని లేచి, తన బిందె తీసుకుంది.