గేటు దగ్గర కొంగు దులిపిన లచ్చవ్వ

దయ్యాలంటే నాకు ఏనాడూ నమ్మకం లేదు. పీనుగులకు నీళ్లు పోసినదాన్ని, శ్మశానం పక్క చేలో ఒంటరిగా పత్తి ఏరినదాన్ని. ఎక్కడా ఏమీ కనబడలేదు. యాభై దాటాక అక్షరాలు నేర్చుకున్నాను. ఇది నా చేత్తోనే రాస్తున్నాను.

ఆదిలాబాద్‌లో ఒక జిన్నింగ్ మిల్లులో పత్తి ఎత్తే పని మాది. ఆ ఏడు హైదరాబాద్ నుంచి ఒక మేడం మా బతుకుల మీద సినిమా తీయడానికి వచ్చింది. ఏమీ అడగదు, ఇలా నిలబడండి అనదు. గేటు ఎదురుగా కెమెరా పెట్టుకుని గంటలకొద్దీ కూర్చునేది.

"గిదేం సినిమా బిడ్డా! పాట లేదు, ఫైటింగ్ లేదు. నన్నన్న హీరోయిన్ను జెయ్యి" అని లచ్చవ్వ ఏడిపించేది. పనిలో లచ్చవ్వ నా జోడీ.

దుమ్ముకు మేమంతా ముఖాలకు గుడ్డ కట్టుకుంటాం. చీర మీద మగవాళ్ల అంగీ వేసుకుంటాం. లచ్చవ్వది చనిపోయిన మొగుడి నీలం అంగీ. మోచేతి దగ్గర చిరిగితే ఎర్ర దారంతో నేనే కుట్టాను. సాయంత్రం ప్రతి మనిషీ గేటు దగ్గర ఆగి, పత్తి దాచలేదని కొంగు దులిపి చూపాలి.

ఆ రోజు మధ్యాహ్నం ఇద్దరం జొన్నరొట్టె తిన్నాం. తను పత్తి గుట్ట వెనక నడుం వాల్చడానికి పోయింది. కాసేపటికి గుట్ట ఒక పక్క జారింది. కింద ఎవరూ లేరన్నాడు మేనేజర్. పని సాగింది. లచ్చవ్వ అవతలి షెడ్డుకు పోయిందనుకున్నాను. సాయంత్రం, ముందే ఇంటికి పోయిందనుకున్నాను. అలా అనుకున్నందుకు నన్ను నేను క్షమించుకోలేదు.

మర్నాడు ఆ పత్తి తీస్తుంటే నీలం అంగీ చెయ్యి బయటపడింది.

"రాత్రి గోడ దుంకి దొంగతనానికొచ్చింది" అన్నాడు మేనేజర్. డాక్టర్ కాగితంలో మాత్రం, తిన్న రొట్టె అరగకముందే ప్రాణం పోయిందని ఉంది. ఆమె కూతురు రాధ నా చేతులు పట్టుకుంది. "పెద్దమ్మా, మా అవ్వ దొంగ గాదని నువ్వన్న చెప్పు."

నాకు ధైర్యమే. ఆ సాయంత్రమంతా గేటు దగ్గర కెమెరా తిరిగింది. లచ్చవ్వ బయటికే రాలేదని అందులో తేలిపోతుంది. మేడంను అడిగి, ఆ సాయంత్రం తీసింది కెమెరాలో చూశాను.

ఒక్కొక్కరం వస్తున్నాం, కొంగు దులుపుతున్నాం. నా వెనక లచ్చవ్వ. నీలం అంగీ, మోచేతి దగ్గర ఎర్ర కుట్టు. ఆగింది, కొంగు దులిపింది, గేటు దాటింది. వాచ్‌మన్ ఆమె వైపు చూడనే లేదు.

మూడుసార్లు చూశాం. మేడం కెమెరా ఆపేసింది.

"తుడిచెయ్యి బిడ్డా. గిది సూస్తే లచ్చవ్వను దొంగను జేస్తరు" అన్నాను.

"తీసింది నేను తుడవను పెద్దమ్మా. ఎవరికీ ఇవ్వను కూడా. నీ దగ్గరే ఉంచుకో" అని కెమెరాలోంచి ఆ సాయంత్రం బొమ్మలున్న కార్డు తీసి నా చేతిలో పెట్టింది.

లేబర్ ఆఫీసులో అడిగారు, ఆ సాయంత్రం ఆమె గేటు దాటిందా అని. "దాటలేదు" అని రాసి సంతకం పెట్టాను. డాక్టర్ కాగితం కూడా చూసి, ఆమె పనిలోనే చనిపోయిందని ఒప్పుకున్నారు. రాధ దొంగ బిడ్డ అనిపించుకోలేదు.

నేను రాసింది అబద్ధం కాదు. కెమెరాలో ఉన్నదీ అబద్ధమని అనలేను. అందులో గేటు దగ్గర నేను పక్కకు జరిగి ఆమెకు దారి ఇచ్చాను. ఆ సాయంత్రం అలా పక్కకు జరగడం నాకు బాగా గుర్తుంది. ఎవరి కోసం జరిగానో మాత్రం, ఎంత తలచుకున్నా గుర్తు రావడం లేదు.