మార్చి తూచమన్న అయ్యోరు

ఆ రోజు పొద్దున కూడా మబ్బులు కమ్మి మోడం పట్టింది. మోడం పట్టడం, మధ్యాహ్నానికి గాలి దాన్ని ఊడ్చుకుపోవడం నెల రోజులుగా జరుగుతున్న పనే కాబట్టి ఎవరూ తలెత్తి చూడలేదు. నేను మా పంచాయతీలో నీళ్ళు వదిలే మనిషిని. ఐదు గంటలకు ట్యాంకు కింద గుంతలోకి దిగి, ఇనుప రాడ్డుతో మిట్ట కాలనీ వాల్వు తిప్పాను. పైకెక్కేసరికి ఈరక్క వచ్చి నిలబడి ఉంది. కాలనీలో మొదటి కొళాయి ఆమెది.

"అయ్యోరు పోయినాడంటప్పా," అంది. "తెల్లారే ముందర. అమ్మ ఇప్పుడే చెప్పి పంపించింది."

గంట అయ్యేదాకా అక్కడే ఉండి, మిట్ట వాల్వు మూసి, కింది వీధి వాల్వు తెరిచి, అప్పుడు అయ్యోరి ఇంటికి వెళ్ళాను. ముందే వెళ్ళి ఉంటే, పోయినవాడు లేచి తిట్టేవాడు.

ఆయన నాకు హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పాడు. రిటైరయ్యాక గార్లదిన్నెలోనో అనంతపురంలోనో ఇల్లు కట్టుకోకుండా మా ఊరి కింది వీధిలోనే ఉండిపోయాడు. మంచి మాట ఆయన నోట వచ్చేది కాదు. నాకు ఈ పని దొరికిన రోజు వెళ్ళి చెబితే, "ఇంగ్లీషు రాలా నీకు. వాల్వు తిప్పేదన్నా సరిగ్గా నేర్చుకో," అన్నాడు. దాన్ని దీవెన అనుకోవాలని అమ్మ వంటింట్లోంచి చెప్పింది. అమ్మ అంటే ఆయన భార్య, ఊరందరికీ ఆమె అమ్మే.

ఆయనకు ఒక పాత ఇంగ్లీషు మాట మీద పట్టుదల. ఈక్విపాయిజ్. పాఠంలో బ్యాలెన్స్ అని వస్తే, దాని పక్కన ఈ మాట కూడా బోర్డు మీద రాసేవాడు. ఈక్వి అంటే సమానం. పాయిజ్ పాత ఫ్రెంచి నుంచి వచ్చింది, అక్కడ దాని అర్థం బరువు. రెండు పక్కలా సమానమైన బరువు ఉన్నందువల్ల తక్కెడ కాడ నిలబడితే ఆ నిలకడ పేరు ఈక్విపాయిజ్. ముందు 'ఇన్' చేర్చి వాడాలి. పూర్వం క్రియగా కూడా రాసేవాళ్ళట. ఇప్పుడు ఇంగ్లీషు దేశంలో కూడా నూటికో కోటికో ఒకరు వాడతారు.

తనిఖీకి వచ్చిన ఒక అధికారి బోర్డు చూసి, "ఎవరూ వాడని మాట పిల్లలకెందుకు సార్? బ్యాలెన్స్ అంటే చాలదా?" అన్నాడు.

"చాలదు సార్. సైకిలు మీదనుంచి పడకపోతే బ్యాలెన్సు. హోటల్లో నోటిస్తే తిరిగొచ్చేది బ్యాలెన్సు. ఎవడికి తోచింది వాడు అనుకోవచ్చు. ఈ మాటలో బరువుండాది. మోసం చేస్తే తెలిసిపోతాది."

అధికారి టీ తాగి, సంతకం పెట్టి వెళ్ళాడు. ఆయనకు టీ మాత్రం బాగా అర్థమైందని అయ్యోరు మాతో అన్నాడు.

ఆ మాట నేర్పడానికే ఒక రోజు ఊళ్ళో అంగడాయన దగ్గర తక్కెడ అడిగి తెచ్చాడు. తన తక్కెడ బడికి పోతున్నదని అంగడాయన తుడిచి మరీ ఇచ్చాడు. ఖాళీ తట్టలతో ఎత్తితే కాడ సమంగా నిలబడింది. ఒక తట్టలో కిలో రాయి, రెండో తట్టలో శనక్కాయలు పోసి ఎత్తాడు. సమంగానే నిలబడింది.

"ఈక్విపాయిజేనా?"

అందరం అవునని అరిచాం. ఆయన రాయిని తీసి కాయల తట్టలో, కాయల్ని తీసి రాయి తట్టలో పెట్టి మళ్ళీ ఎత్తాడు. రాయి ఉన్న పక్క దబ్బున కిందికి పోయింది.

"కాడలో ఒక పక్క గోరంత పొడుగుండాది. అది కనపడకుండా తట్టల బరువులో సర్దినాడు. నిలబడింది కదా అని నమ్మేస్తిరి. మార్చి తూచండ్రా. మార్చినా నిలబడితే అప్పుడు అనండి ఆ మాట."

సాయంత్రానికి ఊరంతా తెలిసింది. తక్కెడ మార్చమని అంగడాయనను ఒక్కరూ అడగలేదు. అయ్యోరికి నోరెక్కువ అని మాత్రం అందరూ ఒప్పుకున్నారు. అంగడాయన ఆయనకు చక్కెర అమ్మడం మానేశాడు. మండలానికి పోయి చక్కెర తెచ్చుకోవడం చిన్న పని కాదు. ఆయన మాత్రం చక్కెర లేని కాఫీ అలవాటు చేసుకున్నాడు. చివరిదాకా అలాగే తాగాడు. ఎవరైనా ఎందుకని అడిగితే, "ఇంగ్లీషు చెప్పినందుకు," అనేవాడు.

మార్చి తూచు అన్న మాటను ఆయన బడి దాటాక కూడా వదల్లేదు. ఊళ్ళో అన్నదమ్ములిద్దరు పొలం పంచుకుంటూ సాక్షిగా పిలిచారు. రెండు భాగాలూ సమానమేనని పెద్దవాడు ప్రమాణం చేయబోయాడు. "ప్రమాణమెందుకప్పా, సమానమైతే నువ్వు వాడి భాగం తీసుకో," అన్నాడు అయ్యోరు. పెద్దవాడికి దగ్గు వచ్చింది. ఆ దగ్గు సాయంత్రందాకా తగ్గలేదు. తర్వాత ఇంకే పంపకానికీ ఆయన్ని ఎవరూ పిలవలేదు. తెలివైన ఊరు మాది.

ఇక నీళ్ళ గొడవ జరిగిన ఎండాకాలం సంగతి. ఇరవై ఏళ్ళు కావస్తోంది. ఊరికి ఒకటే ట్యాంకు. కింది వీధి పల్లంలో ఉంది, పెద్ద ఇళ్ళన్నీ అక్కడే. కాలనీ మిట్ట మీద. ట్యాంకు నిండుగా ఉంటేనే మిట్టకు నీళ్ళు ఎక్కుతాయి. పల్లానికి ట్యాంకు అడుగున ఉన్న నీళ్ళు కూడా దిగుతాయి. ఇది మా ఊళ్ళో గొర్రెలకు కూడా తెలుసు. అయినా మొదటి గంట కింది వీధికి, రెండో గంట మిట్టకు వదలాలని ప్రెసిడెంటు తేల్చాడు. ఇప్పుడు పేరుకు ఆయన భార్య సర్పంచి, అప్పుడు ఆయనే. అప్పుడైనా ఇప్పుడైనా ప్రెసిడెంటు అంటే ఆయనే.

"గంటకు గంట. సమానం. ఇంక ఎవడన్నా మాట్లాడితే బాగుండదు," అన్నాడు.

అయ్యోరు నా దగ్గరికి వచ్చాడు. "మార్చి వదులు. మొదటి గంట మిట్టకు," అన్నాడు.

"నా పని పోతాది సార్."

ఆయన నా ముఖం చూశాడు. తప్పుల కాగితం చూసినట్టే చూశాడు. మర్నాడు పొద్దున తన ఇంటి కొళాయి ఈరక్కకు అప్పగించి, కావడి భుజాన వేసుకుని, మిట్టెక్కి ఆమె కొళాయి దగ్గర కూర్చున్నాడు. మొదటి గంట ఆమెకు కింద, రెండో గంట ఆయనకు పైన. రెండు గంటలూ అయ్యాక బిందెలన్నీ రచ్చకట్ట ముందు వరసగా పెట్టించాడు. ఈరక్కవి పన్నెండు. ఆయనవి రెండున్నర.

"ఇదీ మీ గంటకు గంట," అన్నాడు.

ప్రెసిడెంటు బిందెలు చూడలేదు. చుట్టూ ఉన్నవాళ్ళను చూసి, "అయ్యోరికి చాక్‌పీసు పట్టేది తప్ప కొళాయి పట్టేది యాడొస్తాదప్పా!" అన్నాడు.

అందరూ నవ్వారు. అది నవ్వదగిన మాట కాదని తెలిసినవాళ్ళు ఇంకా గట్టిగా నవ్వారు. నేనూ నవ్వాను. అయ్యోరు నా వైపు చూడలేదు. అదే నయం అనుకున్నాను.

ఆ ఎండాకాలమంతా ఆయన మిట్టెక్కి రెండున్నర బిందెలతో దిగాడు. "ఊరికి తూకం నేర్పిస్తాండాడు, ఇంట్లో పప్పు కడగను నీళ్ళు లేవు," అని అమ్మ వాకిట్లో నిలబడి అందరికీ వినపడేలా అనేది. అలా అంటూనే, ఈరక్క బిందెలు నిండేటప్పుడు దగ్గరుండి కొళాయి కింద సరిచేసేది.

ప్రెసిడెంటు మారలేదు. కింది వీధి పెద్ద ఇళ్ళవాళ్ళు ఎవరి బోరు వాళ్ళు వేసుకున్నారు. ట్యాంకు నీళ్ళతో వాళ్ళకు పని లేకపోయాక, "మిట్టోళ్లకే ముందు వదులుపో, పాపం," అని ప్రెసిడెంటు దానం చేసినట్టు నాకు చెప్పాడు. అప్పట్నించి మొదటి గంట మిట్టదే. మనం గెలిచాం సార్ అని నేను అయ్యోరితో అన్నాను.

"ఎవరు గెలిచిందిరా? వాళ్ళు తక్కెడ వదిలేసి పోయినారు. మళ్ళా పనిపడితే వస్తారు," అన్నాడు.

పోయిన నెల వాళ్ళ బోర్లు ఒక్కొక్కటే ఎండడం మొదలైంది. అయ్యోరు అప్పటికే మంచం మీద ఉన్నాడు. నేను చూడడానికి వెళితే అమ్మ నాకు కాఫీ ఇచ్చింది, చక్కెర వేసి. ఆయన కళ్ళు తెరవకుండానే, "వస్తారు నీ దగ్గరికి. ఏం చేస్తావు?" అన్నాడు.

నేను గ్లాసులోకి చూస్తూ ఉండిపోయాను.

"సరే. పో," అన్నాడు. నాతో ఆయన అన్న చివరి మాట అదే.

పదకొండో రోజు సాయంత్రం బడి ఆవరణలో సంతాప సభ పెట్టారు. ఫ్లెక్సీలో అయ్యోరి బొమ్మ చిన్నది, ప్రెసిడెంటు బొమ్మ పెద్దది. ఎవరు పోయారో కొత్తవాళ్ళకు తెలియడం కష్టం. మైకు ముందుకు మొదట ప్రెసిడెంటే వచ్చాడు.

"మన అయ్యోరు ఎప్పుడూ ఒక ఇంగ్లీషు మాట చెప్తాండె. ఈక్విపాయిజ్! నేను ఫోన్లో చూసినా. బ్యాలెన్సు అని వచ్చింది. అంటే ఏంది? ఆ పక్క లేదు, ఈ పక్క లేదు. మద్దెన నిలబడేది. అయ్యోరు అట్లాంటి మనిషి. ఊర్లో ఎవరితోనూ ఒక్క గొడవ లేదు."

చప్పట్లు కొట్టారు. అంగడాయన కొడుకు కూడా కొట్టాడు. పొలం పంచుకున్న పెద్దవాడు ముందు వరసలో కూర్చుని కళ్ళు తుడుచుకున్నాడు, ఈసారి దగ్గలేదు. అమ్మ కుర్చీలో నిటారుగా కూర్చుని ప్రెసిడెంటు చెప్పుల వైపు చూస్తూ ఉంది. వెనక నిలబడిన ఈరక్క, "ఎవరి గురించప్పా చెప్తాండేది?" అని నన్ను అడిగింది.

సభ అయ్యాక ప్రెసిడెంటు నా భుజం మీద చెయ్యి వేసి పక్కకు తీసుకెళ్ళాడు.

"రేపట్నించి మొదటి గంట కింది వీధికి వదులప్పా. రెండోది మిట్టకు. మా బోరు పోయింది. గంటకు గంట, ఎవరికీ అన్యాయం లేదు. ఏమంటావు?"

నేను ఆ రోజు కూడా ఏమీ అనలేదు. ఊరు నాకు నేర్పిన చదువు అది.

మర్నాడు పొద్దున మోడం లేదు. గాలి ఉంది. ట్యాంకు రోజుకు ఒక్కసారే, తెల్లారేసరికి నిండుతోంది. ఐదింటికి గుంతలోకి దిగి మిట్ట వాల్వు తిప్పాను. ఐదుంపావుకు ప్రెసిడెంటు నోట్లో బ్రష్షుతో వచ్చి గుంత అంచున నిలబడ్డాడు.

"రేయ్, కొళాయిలో గాలొస్తాంది. ఏ వాల్వు తిప్పినావు?"

"మిట్టదన్నా."

"నిన్న నీకు చెప్పింది తెలుగేనా?"

"గంటకు గంట సమానమంటివి గదన్నా. సమానమైతే ఏది ముందైతే ఏమి?"

ఆయన నురగ ఉమ్మేశాడు. "వాల్వు మూసి, రాడ్డు ఈడ పెట్టి పో. రేపట్నించి నువ్వు రావద్దు."

"ఆరింటికి ఇస్తానన్నా," అన్నాను.

ఆయన గుంతలోకి దిగుతాడేమో అనుకున్నాను. గుంతలో మోకాలి లోతు బురద. పంచె తెల్లది. ఆయన దిగలేదు, నేను ఎక్కలేదు. ఇద్దరం ఆరు దాకా అలాగే ఉన్నాం.

ఆరు గంటలకు మిట్ట వాల్వు మూసి, కింది వీధి వాల్వు తెరిచి, పైకెక్కి రాడ్డు ఆయన చేతికి ఇచ్చాను. కింది వీధి కొళాయిల్లో నీళ్ళు దిగుతున్న చప్పుడు అక్కడికి వినపడింది. ఆరూ ఐదుకు ప్రెసిడెంటు రాడ్డును పంచెకు తగలకుండా దూరంగా పట్టుకుని వెళ్ళిపోయాడు. ఆరుంపావుకు ఈరక్క మిట్ట దిగి వచ్చి, "పన్నెండు బిందెలు," అని చెప్పి వెళ్ళింది. ఆరున్నరకు నేను ఇంటికి వెళ్ళాను.